బండి మారే చోటు

అన్నయ్య వ్యాను తాళాలు జేబులో వేసుకున్నాడు. వేసుకుని, జేబు మీద అరచేత్తో ఒకసారి తట్టాడు. ఆ తట్టడం చిట్టి చూడాలనే.

"ఈ వ్యాను అద్దాలు మొయ్యడానికి కొన్నాను," అన్నాడు. "ఆయన్ని మోసుకురావడానికి కాదు."

వంటింట్లో నలుగురూ ఉన్నారు. అమ్మ స్టవ్ దగ్గర, వదిన గుమ్మంలో, చిట్టి బల్ల దగ్గర కూర్చుని, అన్నయ్య ఆమె నెత్తి మీద నిలబడి. నిన్న మొదలైన గొడవ నిద్రలో కాస్త అణిగి, పొద్దున టీతో పాటు మళ్ళీ పొంగింది. మధ్యాహ్నం విమానం దిగుతుంది. అందులో నాన్న ఉంటాడు. ఈ ముక్క చిట్టి ఎంత మెల్లగా చెప్పినా అన్నయ్య చెవికి తిట్టులాగే వినపడుతోంది.

ముప్ఫై దాటినా ఇంట్లో ఆమె ఇంకా చిట్టే. మాటలు సరిగ్గా రాని వయసులో ఉండగా నాన్న వెల్డింగు పనికని సముద్రం దాటి వెళ్ళాడు. మొదట్లో డబ్బూ పంపాడు, ఫోనూ చేశాడు. తర్వాత ఫోను మాత్రం చేశాడు. ఆ తర్వాత అదీ లేదు. ఉన్నాడో పోయాడో తెలియని ఆ మనిషి గురించి మొన్న ఎవరో తోటి పనివాడు ఫోన్ చేశాడు. పక్షవాతం వచ్చి కుడివైపు పడిపోయిందనీ, కంపెనీవాళ్ళు విమానం ఎక్కించి పంపేస్తున్నారనీ, ఎవరో ఒకరు వచ్చి తీసుకెళ్ళండనీ చెప్పాడు. ఫోన్ ఎత్తింది చిట్టే. లైను సరిగ్గా లేక సగం మాటలు గాలికే పోయాయి.

"ఎవరూ వెళ్ళకపోతే ఏం చేస్తారు?" అంది చిట్టి. "అక్కడే కుర్చీలో వదిలేస్తారా?"

"మనల్ని వదిలెయ్యలేదూ?"

చిట్టి, అన్నయ్య బల్ల మీద ఆనించిన చేతిని చూసింది. బొటనవేలి కింద పాత గాట్లు తెల్లగా మెరుస్తున్నాయి. మీసాలైనా రాకముందే బడి మానేసి అద్దాల కొట్లో చేరిన చెయ్యి అది. ఇప్పుడు ఆ కొట్టు అతనిదే. ఆ గాట్లు మాత్రం అలాగే ఉన్నాయి.

"ఆయన ఈ గడప తొక్కితే నేను తొక్కను. నా పెళ్ళాన్ని తీసుకుని ఎటైనా పోతాను. ఇందులో రెండో మాట లేదు."

గుమ్మంలో వదిన తల దించుకుంది. ఎటు పోవాలనుందో ఆమెని ఎవరూ అడగలేదు.

చిట్టి అమ్మ వైపు తిరిగింది. "నువ్వేమంటావమ్మా?"

అమ్మ స్టవ్ కట్టేసింది. టిఫిన్ డబ్బా మూత గట్టిగా బిగించింది. చేతులు తుడుచుకున్న గుడ్డని సగానికి, మళ్ళీ సగానికి మడిచి గట్టు మీద పెట్టింది. ఆసుపత్రి లాండ్రీలో రోజంతా దుప్పట్లు మడతపెట్టే మనిషి. ఇంట్లో కూడా చేతికందిన గుడ్డనల్లా మడతపెట్టకుండా ఉండలేదు.

"పాలు విరిగేలా ఉన్నాయి. ముందు కాచెయ్," అంది వదినతో.

చెప్పులేసుకుని వెళ్ళిపోయింది. వీధి తలుపు ఎప్పటిలాగే చప్పుడు లేకుండా మూసుకుంది.

 అన్నయ్య గెలిచిన మనిషిలా కనపడలేదు. అమ్మ ఒక్క మాట తిట్టినా అతనికి కాస్త తేలికయ్యేదేమో.

"చూశావుగా," అన్నాడు చివరికి. "అమ్మకే అక్కర్లేదు. మధ్యలో నీకెందుకు?"

ఎందుకో చిట్టికీ సరిగ్గా తెలియదు. ఆమె పళ్ళ సెట్లు తయారుచేసే ల్యాబులో పనిచేస్తుంది. ఎవరెవరివో నోళ్ళ అచ్చులు పేరు లేకుండా ఆమె బల్ల మీదకి వస్తాయి. వాళ్ళ మొహాలు ఎన్నడూ చూడకపోయినా వాళ్ళ పళ్ళు ఒక్కొక్కటీ ఆమెకు తెలుసు. నాన్నదీ అంతే. ఇంట్లో మిగిలిన ఒక్క ఫోటోలో ఆయన నవ్వుతున్నాడు. పైవరసలో ఎడమవైపు కోరపన్ను పక్కపన్ను మీదకి ఎక్కి ఉంది. ఆయన గొంతు ఎలా ఉంటుందో, నడక ఎలా ఉంటుందో ఆమెకు తెలియదు. ఆ పన్ను మాత్రం ఎక్కడ కనపడినా గుర్తుపట్టగలదు. ఈ మాట అన్నయ్యతో అంటే నవ్వుతాడు. నవ్వకపోతే ఇంకా కష్టం.

వ్యాను బయల్దేరి వెళ్ళిన చప్పుడు దూరమయ్యాక వదిన దగ్గరికి వచ్చింది. చేతిలో ప్రయాణాల కార్డు.

"ఎలా వెళ్ళాలో తెలుసా?"

"దారి అడుక్కుంటూ వెళ్తాను."

"బస్సుకీ మెట్రోకీ ఇది పనికొస్తుంది. చివర్లో ఇంకో రైలుంటుందట, దానికి మాత్రం వేరే టికెట్టట."

"అన్నయ్య అడిగితే?"

"ఇచ్చాననే చెప్తాను," అంది వదిన. "అప్పుడైనా ఈ ఇంట్లో నన్ను అడిగేది ఒకటుంటుంది."

*

బస్సు మెట్టెక్కి కార్డు తాకించగానే మిషను ఎర్రగా వెలిగి కీచుమంది. చిట్టి మళ్ళీ తాకించింది. మళ్ళీ కీచుమంది. వెనక ఎక్కుతున్నవాళ్ళ బరువు ఆమె వీపు మీద పడుతోంది.

కార్డులో ఏమీ లేదన్నాడు డ్రైవరు, రోడ్డు మీంచి చూపు తిప్పకుండానే. చిట్టి సంచిలో చెయ్యి పెట్టింది. చిల్లర తీసుకోవడం మానేసి చాలా కాలమైందని చెప్పాడు. సందు చివర నింపుకునే మిషను ఉందనీ, నింపుకుని వెనకొచ్చే బస్సు ఎక్కమనీ అన్నాడు. మాటలో విసుగు లేదు, జాలీ లేదు. ఎక్కినవాళ్ళని తోసుకుంటూ దిగాల్సి వచ్చింది. అందరూ తననే చూస్తున్నట్టు అనిపించి తల కొట్టేసినట్టయింది. నిజానికి ఎవరూ చూడలేదు. ఎవరి ఫోన్ వాళ్ళ చేతిలో ఉంది.

ఆమె రోజూ ల్యాబుకి నడిచే వెళ్తుంది. వీధి దాటి మలుపు తిరిగితే ల్యాబు. అన్నయ్య అద్దాల కొట్టూ, అమ్మ లాండ్రీ, కూరల బజారూ అన్నీ అక్కడక్కడే. ఇంట్లో ఎవరూ విమానం ఎక్కింది లేదు, ఎక్కినవాళ్ళని తీసుకురావడానికి వెళ్ళిందీ లేదు. విమానాశ్రయం అనే చోటు ఆమెకి ఇంతవరకూ బస్సుల నొసటి మీద రాసి ఉండే ఒక మాట మాత్రమే.

కార్డు నింపుకుని స్టాపులో నిలబడింది. తర్వాతి బస్సు ఎంతకీ రాలేదు. వచ్చాక, ఈసారి పచ్చ లైటు వెలిగితే ఏదో పరీక్ష గట్టెక్కినంత సంబరపడింది; వెంటనే తనమీద తనకే నవ్వొచ్చింది. ఆ నవ్వు పంచుకోవడానికి పక్కన ఎవరూ లేరు.

మెట్రోలో కిటికీ పక్కన చోటు దొరికింది. కూర్చున్న కాసేపటికి ఫోన్ మోగింది.

"ఎక్కడున్నావ్?" అన్నాడు అన్నయ్య.

"మెట్రోలో."

"ల్యాబుకి మెట్రో ఎందుకు?"

 అవతల అద్దం కోస్తున్న చప్పుడు సన్నగా, పళ్ళు జివ్వుమనేలా వినపడుతోంది. కాసేపటికి అది ఆగిపోయింది. పనివాణ్ణి బయటికి పొమ్మని ఉంటాడు.

"నీకు ఆయన తెలీదు," అన్నాడు. గొంతులో పొద్దుటి మంట లేదు. "అందుకే వెళ్ళగలుగుతున్నావ్. నాకు తెలుసు. నన్ను భుజాలెక్కించుకుని తిప్పిన మనిషి. వెళ్ళేరోజున నన్నొక్కణ్ణే బస్టాండు దాకా తీసుకెళ్ళాడు. అమ్మనీ చెల్లినీ చూసుకో, ఇలా వెళ్ళి అలా వచ్చేస్తాను అన్నాడు. చూసుకున్నాను. ఇంకేం చెయ్యమంటావ్ నన్ను?"

"నిన్నేం చెయ్యమనట్లేదన్నయ్యా."

"శనివారాలు బస్టాండుకి వెళ్ళి కూర్చునేవాణ్ణి. అమ్మకి కూడా తెలీదు." ఆగాడు. "సరే. తెచ్చుకో. ఎక్కడ పెట్టుకుంటావో అది కూడా నువ్వే చూసుకో."

బండి సొరంగంలోకి దూరింది. లైను తెగిందో, అతనే పెట్టేశాడో తెలియలేదు. చిట్టి ఫోన్ చెవి దగ్గరే ఉంచుకుని నల్లబడిన కిటికీలో తన మొహం చూసుకుంటూ కూర్చుంది.

ఎక్కడ పెట్టుకోవాలో ఆమెకి నిజంగానే తెలియదు. ల్యాబు వెనక అచ్చులకి వాడే సుద్దపిండి బస్తాలు వేసే గది ఒకటుంది. నాలుగు రోజులకి అడిగితే యజమాని కాదనకపోవచ్చు. ఒకవైపు కాలూ చెయ్యీ ఆడని మనిషిని బస్తాల మధ్య ఎలా పడుకోబెట్టడం? స్నానం ఎవరు చేయిస్తారు? తను పనిలో ఉంటే మంచినీళ్ళు ఎవరిస్తారు? ఒక్కొక్క ప్రశ్నా స్టేషనులా వచ్చి, తలుపు తెరుచుకుని, ఎవరూ దిగకుండానే మూసుకుపోతోంది.

బండి మారే చోట జనం ఎటు పోతే తనూ అటే పోయింది. అందరూ కార్డు తాకించి బయటపడుతుంటే తనూ తాకించింది. తీరా చూస్తే ఎండలో, రోడ్డు మీద నిలబడి ఉంది. చుట్టూ ఆటోలు, పళ్ళబళ్ళు. రైలు జాడ లేదు. ఆమెతో పాటు దిగిన జనమంతా ఎవరిదారిన వాళ్ళు ఆఫీసులకి పోతున్నవాళ్ళు. విమానాశ్రయం రైలు లోపలి నుంచే పక్కకి తిరిగితే వస్తుందట, ఇప్పుడు రోడ్డు మీది వంతెనెక్కి అవతలికి దిగాలట. ఆ సంగతి పళ్ళబండి ఆమె చెప్పింది. పరుగులాంటి నడకతో వంతెన దాటేసరికి చిట్టి ఒళ్ళంతా చెమటలు పట్టాయి.

టికెట్ల కిటికీ దగ్గర క్యూలో అందరి పక్కనా చక్రాల పెట్టెలున్నాయి. చిట్టి చేతిలో చిన్న సంచీ, అందులో మంచినీళ్ళ సీసా, దువ్వెన, ఒక తువ్వాలు. తువ్వాలు ఎందుకు పెట్టుకుందో ఆమెకే తెలియదు.

కిటికీ వెనక కళ్ళజోడు నుదుటి మీదకి తోసుకున్న పెద్దావిడ కూర్చుని ఉంది. ఒకవైపుకా, రానూపోనూనా అని అడిగింది.

"వెళ్ళేటప్పుడు ఒకరం. వచ్చేటప్పుడు ఇద్దరం."

"వచ్చేవాళ్ళు పెద్దవాళ్ళా? పెద్దవాళ్ళకి టికెట్ తక్కువ ఉంటుంది. వయసెంత?"

చిట్టి నోరు తెరిచి ఆగిపోయింది. అమ్మ వయసు తెలుసు. దానికి ఎంత కలపాలో తెలియదు. అన్నయ్యని అడిగితే తెలుస్తుంది. అన్నయ్యని అడగలేదు.

"తెలీదండీ."

"మీకేమవుతారు?"

"మా నాన్న."

ఆవిడ కళ్ళజోడు కిందికి దించుకుని చిట్టిని ఒకసారి చూసింది. వెనక ఎవరో గొంతు సవరించుకున్నారు. నడవగలుగుతారా, లేక చక్రాల కుర్చీ ఏర్పాటు చెయ్యాలా అని అడిగింది. గొంతు కాస్త తగ్గించే అడిగింది. చిట్టి నీళ్ళు నమిలింది. కుడివైపు పడిపోయిందన్నారు, నడుస్తారో లేదో, చూస్తే గానీ... అంటూ మధ్యలోనే ఆగిపోయింది.

"ఒక పని చెయ్యమ్మా," అందావిడ. "వచ్చేటప్పటి టికెట్లు వచ్చేటప్పుడే అక్కడ తీసుకో. ఆయన్ని చూశాక. ఇప్పటికి నీ ఒక్కదానికి ఇస్తాను."

ఆ మాట ఆవిడ మంచికే అంది. చిట్టి టికెట్ తీసుకుని, వెనకవాళ్ళకి దారి ఇచ్చి, గోడ పక్కన నిలబడి గట్టిగా ఊపిరి పీల్చుకుంది. తండ్రి వయసు తెలియని కూతురు ఈ ఊళ్ళో తనొక్కతే అయి ఉంటుందనిపించింది.

*

ఆ రైల్లో సగం సీట్లు ఖాళీ. ఎదురుగా యూనిఫారం వేసుకున్న ఆడమనిషి కూర్చుని మడమలు నొక్కుకుంటోంది. విమానాశ్రయంలో నేల తుడిచే పని అట. మధ్యాహ్నం డ్యూటీకి వెళ్తోంది. తనంతట తనే మాటలు కలిపింది. ఏళ్ళ తరబడి రోజూ విమానాశ్రయానికి ప్రయాణం చేస్తున్నాననీ, ఒక్క విమానం కూడా ఎక్కలేదనీ, ఈ సంగతి చెబితే చుట్టాలు నమ్మరనీ చెప్పి నవ్వింది. చిట్టికీ నవ్వొచ్చింది. పొద్దుటి నుంచి ఇదే మొదటిసారి ఇంకో మనిషితో కలిసి నవ్వడం.

"ఎవరొస్తున్నారు?"

"మా నాన్న."

"చూసి చాలా రోజులైందా?"

"అయింది," అంది చిట్టి.

ఆమె తల ఊపింది. వచ్చేవాళ్ళు బయటికొచ్చే తలుపు ముందే తన పని అని చెప్పింది. కావలించుకునేవాళ్ళని చూస్తూ తుడిస్తే పని తెలియదట. ఎవరూ రాని వాళ్ళని చూస్తేనే కష్టమట. వాళ్ళు బయటికొచ్చి అటూ ఇటూ చూస్తారు. చూసి, ఫోన్ తీసి చెవికి పెట్టుకుంటారు.

"అవతల ఎవరూ ఉండరు," అందామె. "ఊరికే పెట్టుకుంటారు. వాళ్ళ పెదాలు చూస్తే నాకు తెలిసిపోతుంది."

 కుడిచెయ్యి ఆడని మనిషి ఫోన్ ఎలా తీస్తాడు అనుకుంది చిట్టి. ఆలస్యమైపోయింది. బస్సు దగ్గర ఒకసారి, రోడ్డు మీద ఒకసారి, చేజేతులా ఆలస్యం చేసుకుంది. బయట ఇళ్ళు పల్చబడి, బీడు మొదలైంది. ఒక విమానం రైలు పక్కనే కిందికి దిగి గోడ వెనక మాయమైంది.

దిగాక ఆ పనిమనిషే దారి చూపించింది. రెండు మలుపుల వరకూ తోడొచ్చి, తన డ్యూటీ గుమ్మం రాగానే చెయ్యూపి వెళ్ళిపోయింది. పేరైనా అడగలేదే అనుకుంది చిట్టి.

హాలు ఇంత పెద్దదని ఆమె ఊహించలేదు. ఇనప కమ్మీల ముందు జనం, పూలు, పిల్లల చేతుల్లో బెలూన్లు. బోర్డు మీద నాన్న విమానం ఎదురుగా 'దిగినది' అని ఉంది. జనంలోంచి ముందుకి పోదామని చూస్తుంటే పక్కన బెంచీ మీద తెలిసిన కూర్చునే తీరు ఒకటి కంటపడింది. వీపు నిటారుగా, చేతులు ఒళ్ళో ఒకదాని మీద ఒకటి.

అమ్మ.

ఎక్కడికైనా వెళ్ళేటప్పుడు మాత్రమే వేసుకునే బట్టల్లో ఉంది. కాళ్ళ దగ్గర నిండా కుక్కిన పెద్ద సంచీ ఉంది.

"ఇంతసేపా," అంది. "విమానం దిగిందని ఎప్పుడో వేశారు."

చిట్టి పక్కన కూలబడింది. పనిలోకి వెళ్ళావనుకున్నాను అంది కాసేపటికి. వెళ్ళాననీ, సంచీ అక్కడే దాచుకున్నాననీ, తీసుకుని వచ్చేశాననీ చెప్పింది అమ్మ. ఎలా వచ్చావంటే, నువ్వొచ్చినట్టే వచ్చాను, మధ్యలో బండి మారమన్నారు, మారాను అంది, అదేమంత పనన్నట్టు.

"చెప్పొచ్చు కదమ్మా. కలిసి వచ్చేవాళ్ళం."

"చెబితే పెద్దాడి చెవిన పడేది. వాడు అరిస్తే పర్లేదు. ఏడిస్తే నేను కదల్లేను."

చిట్టి సంచీ వైపు చూసింది. ఎన్ని బట్టలు పెడితే అంత లావవుతుందో ఆమెకి తెలుసు.

"లాండ్రీ వెనక వీధిలో గది తీసుకున్నాను," అంది అమ్మ. "నేలమీదే ఉంది, మెట్లు లేవు. ఆయన్ని అక్కడికి తీసుకెళ్తాను. పెద్దాడు గడప తొక్కనివ్వనన్నాడు కదా, వాడి మాట పోగొట్టను."

"నువ్వు?"

"నేనూ అక్కడే."

చిట్టికి ఒళ్ళు మండింది. పొద్దున అన్నయ్య మీద రాని కోపం ఇప్పుడు అమ్మ మీద వచ్చింది.

"ఇన్నేళ్ళలో ఒక్కనాడు ఆయన ఊసెత్తలేదు నువ్వు. నేనడిగితే కసిరేదానివి. ఆ ఫోటో కూడా నీ కంట పడకుండా దాచుకున్నాను నేను. ఇప్పుడు ఆయన కోసం ఇల్లొదిలి పోతావా? మరి నేనో?"

చివరి మాట చిన్నపిల్ల మాటలా బయటికొచ్చింది. అన్నాక సిగ్గేసింది. అన్నయ్యకి వదిన ఉంది. నాన్నకి అమ్మ ఉంటుంది. సాయంత్రం ల్యాబు నుంచి వచ్చి ఆ వంటింట్లో బల్ల ముందు తనొక్కతే కూర్చోవడం కళ్ళ ముందు ఆడింది.

అమ్మ చాలాసేపు కమ్మీల వైపే చూస్తూ కూర్చుంది. ఎవరో పిల్లాడు తాతయ్య అంటూ పరుగెత్తాడు. పూలవాళ్ళు ఎవరినో చుట్టుముట్టారు.

"మమకారంతో వచ్చాననుకుంటున్నావా?" అంది నెమ్మదిగా. "అడగాల్సినవి ఉన్నాయి చిట్టీ. దుప్పట్లు మడతపెడుతూ మనసులో ఎన్నిసార్లు అడిగానో లెక్కలేదు. మీ ముందు అడగలేను. పెద్దాడి ముందు అసలే అడగలేను. నాలుగు గోడల మధ్య కూర్చోబెట్టి ఒక్కొక్కటే అడుగుతాను. ఆయన జవాబు చెప్పి తీరాలి. అది విన్నాక వండి పెడతానో, వదిలేసి ఇంటికొచ్చేస్తానో నాకే తెలీదు. విననీ ముందు."

 అమ్మ ఇన్ని మాటలు ఒక్కసారి మాట్లాడటం చిట్టి ఎన్నడూ వినలేదు.

అమ్మ లేచి నిలబడింది. జుట్టు సవరించుకుంది. మొహం కడుక్కుని వస్తాను, సంచీ చూస్తుండు అంది. రెండడుగులు వేసి వెనక్కి తిరిగి, "దువ్వెన ఉందా?" అని అడిగింది. చిట్టి సంచిలోంచి దువ్వెనా తువ్వాలూ తీసి ఇచ్చింది. అమ్మ చూపు కలపకుండా అందుకుని వెళ్ళింది.

ఆమె అటు వెళ్ళిందో లేదో, తలుపులు పక్కకి జరిగి చక్రాల కుర్చీ ఒకటి బయటికి వచ్చింది.

ముడుచుకుపోయిన మనిషి. ఒళ్ళో బూడిదరంగు సంచీ. కుడిచెయ్యి ఎవరో పెట్టి మర్చిపోయిన వస్తువులా పడి ఉంది. ఫోటోలో మనిషికీ ఈయనకీ ఎక్కడా పోలిక లేదు. మూతి కుడిపక్కన జారిపోయింది. జారని ఎడమవైపు పెదవి కింద, పసుపు పచ్చగా అరిగిన పళ్ళలో, కోరపన్ను పక్కపన్ను మీదకి ఎక్కి ఉంది.

చిట్టి అమ్మ సంచీ లాక్కుంటూ కమ్మీ కిందనుంచి దూరి వెళ్ళింది.

కుర్చీ తోస్తున్నతను ఈయన తాలూకు ఎవరని అడిగాడు. కూతుర్నంది. అతను సంచీలో మందులున్నాయని చూపించాడు. ఏ మాత్ర ఎప్పుడెయ్యాలో చెప్పాడు. పనులన్నీ చెప్పేసి కుర్చీ వదిలేముందు, "మాట లేదు, తెలుసు కదా?" అన్నాడు.

"అంటే?"

"మాట పోయిందమ్మా. మనం చెప్పేదంతా తెలుస్తుంది. జవాబు చెప్పలేరు. రాసి చూపిద్దామన్నా రాసే చెయ్యి పడిపోయింది కదా."

"మళ్ళీ వస్తుందా?"

"అది నన్నడిగితే నేనేం చెప్పను," అన్నాడతను. అన్నాక పాపం అనిపించిందేమో, కుర్చీ కాసేపు ఉంచుకోవచ్చని చెప్పి వెళ్ళిపోయాడు.

చిట్టి ఆ మనిషి ముందు గొంతుక్కూర్చుంది. ఆయన కళ్ళు ఆమె మొహం మీద నిలిచాయి. నువ్వు అనాలో మీరు అనాలో ఆమెకి తెలియలేదు. పుట్టి బుద్ధెరిగాక ఆ రెంటిలో ఒకటి ఎంచుకునే అవసరం ఎన్నడూ రాలేదు.

"నేను చిట్టిని," అంది.

ఆయన రెప్పలు వాల్చి ఎత్తాడు. కంటి చివర తడి మెరిసింది. అది ఏడుపో, జబ్బు వల్లనో ఆమెకి అర్థం కాలేదు.

"అమ్మ కూడా వచ్చింది. మాట్లాడాలని."

ఆ మొహంలో బాగున్న సగం ఒక్కసారిగా బిగుసుకుంది. కళ్ళు చిట్టి భుజం మీంచి వెనక్కి పోయాయి.

అమ్మ వస్తోంది. కణతల దగ్గర జుట్టు తడిగా, నున్నగా దువ్వి ఉంది. నాలుగడుగుల దూరంలో ఆగింది. పడిపోయిన చేతిని గానీ, జారిన మూతిని గానీ చూసినట్టు లేదు. తిన్నగా ఆయన కళ్ళలోకి చూసింది. చిట్టి లేచి పక్కకి జరిగింది.

"చిక్కిపోయారు," అంది అమ్మ.

చుట్టూ జనం చప్పుడు. అమ్మ కాసేపు ఎదురుచూసింది. తర్వాత అర్థమైనట్టు తల ఊపింది.

"సరే. ఇంతమందిలో మీరేం చెబుతారు, నేనేం వింటాను. గదికెళ్ళాక మాట్లాడుకుందాం. తొందరేం లేదు. తలుపేసుకుని, మీరు చెప్పేదంతా వింటాను."

దగ్గరికొచ్చి, వంగి తన పెద్ద సంచీ భుజానికి ఎత్తుకోబోయింది.

"అమ్మా," అంది చిట్టి, ఆయనకి మాట పోయిందని చెప్పబోతూ.

ఆమె మణికట్టు మీద ఏదో పడింది. నాన్న ఎడమచెయ్యి. గరుకుగా, నిప్పురవ్వల మచ్చలతో, పెద్ద బలమేమీ లేని చెయ్యి. అయినా వదిలేలా లేదు. ఆయన అమ్మ వైపు చూడటం లేదు. చిట్టి మొహంలోకి చూస్తూ, తలని అటూ ఇటూ, ఇంకెవరికీ కనపడనంత కొద్దిగా ఆడించాడు.

వద్దు.

"ఏంటే?" అంది అమ్మ, సంచీ సరిచేసుకుంటూ.